నాలుగు దిక్కుల రాజులూ, గౌసియా బెంచీ

చరిత్ర పాఠాలు చెప్పి రిటైరైన మా పాలయ్య సారుకు ఒకే ఒక్క జబ్బు. మీరు ఏ కష్టం చెప్పుకున్నా, ఆయన ఒక మహాసామ్రాజ్యాన్ని తెచ్చి మీ నెత్తిన కూలుస్తాడు.

కరెంటు పోయిందంటే బాబిలోనే పోయిందంటాడు. పెన్షన్ కాగితం రాలేదని పోస్టాఫీసుకు పోయి, పర్షియా రాజు ఉత్తరాలు గుర్రాల మీద ఎట్లా పరిగెత్తేవో చెప్పి చెప్పి కౌంటరు మూయించి వచ్చాడు. చర్చిలో ఆయన దగ్గరికి వస్తుంటే పాస్టరు కళ్ళు తెరవకుండా ప్రార్థన పొడిగిస్తాడు. మా నాయన పోయినప్పుడు పరామర్శకు వచ్చి నా భుజం మీద చెయ్యేశాడు. "అలెగ్జాండరే ముప్పై మూడు నిండకుండా పాయె మక్బూలూ. మీ నాయన డెబ్బై దాటినాడు గదప్పా!" నాకు ఏడుపు ఆగిపోయి కోపం వచ్చింది.

జమ్మలమడుగు పాత బస్టాండు దగ్గర నాది టైలరు షాపు. పక్కనే గౌసియా టీకొట్టు. ఆమె మొగుడు కువైట్‌లో ఉన్నాడు. కొట్టుకు ఉన్నది ఒక్కటే బెంచీ. పోయిన ఎండాకాలం నుంచి సారు పొద్దున్నే వచ్చి ఆ బెంచీ నడిమధ్య కూర్చోవడం మొదలుపెట్టాడు. పక్కన ఎవరు కూర్చున్నా అస్సీరియా నుంచి ఎత్తుకుంటాడు. కూర్చున్నవాడు టీ సగంలో వదిలేసి పరార్. ఆడకూతురి పొట్ట కొడుతున్నాడని బజారంతా తిట్టుకున్నాం.

ఓబులేసు అని ఒకడున్నాడు, ఎవరో కాంట్రాక్టరు మనిషి. ముగ్గురిని వెనకేసుకుని తిరుగుతాడు.

"లేయ్ సారూ, మేం కూచోవాల. ఈ బజారంతా మాది" అన్నాడొకసారి.

"కూచోప్పా. అస్సీరియా రాజు కూడా నీ మాదిరే, నాలుగు దిక్కులూ నావే అన్నాడు. ఇప్పుడు ఆడ మట్టిదిబ్బలు."

"అయితే ఏంది?"

"చెప్తా. ముందు ఆయన తాత నుంచి రావాల."

తాతగారి మూడో యుద్ధం దగ్గర ఓబులేసు ఆవలించాడు. నాలుగో యుద్ధానికి బెంచీ ఖాళీ.

ఈమధ్య సారుకు జ్వరం తగిలి మిషన్ ఆస్పత్రిలో చేరాడు. ఆ పొద్దే ఓబులేసు గుంపు బెంచీ మీద కాళ్ళు చాపింది. టీలు, బోండాలు, గౌసియా మీద పాడు మాటలు. దుడ్లు అడిగితే నవ్వు. నిలబడి తాగిపోయే డ్రైవర్లు, కండక్టర్లు అటు చూసి దాటుకుని పోయారు. నేను? తల వంచుకుని గుడ్డ కత్తిరిస్తున్నాను. బజారునిండా మీసాలున్నాయి, నాతో కలిపి. లేవమన్న మీసం ఒక్కటీ లేదు. థూ!

సాయంత్రం గౌసియా గ్లాసులు బోర్లించింది. "మూసేస్తాండా మక్బూల్ భాయ్. సారు లేకుంటే నాతో కాదు."

"సారుంటే గిరాకీ పోతాంది గదమ్మా?"

"ఏంది భాయ్ నువ్వు! నిలబడి తాగేటోళ్ళే నాకు గిరాకీ. కూచునేది వీళ్ళే. వీళ్ళ ఆగడం చూసినాకనే సారొచ్చి బెంచీ పట్టుకున్నాడు. 'కొట్లాడే వయసు లేదమ్మా, విసిగించే విద్య ఒకటుంది నాకు' అన్నాడు."

ఆస్పత్రికి పోయి, గౌసియా కొట్టు మూసేస్తోందని సారుతో చెప్పాను. ఇంటికి పంపిన రోజే, చేతికి సూది గుచ్చిన చోట దూదితో, నేరుగా బెంచీ దగ్గరికి వచ్చాడు. గౌసియా పొయ్యి ఆర్పి సామాన్లు సర్దుతోంది, ఓబులేసు గుంపు బెంచీ మీదే ఉంది.

"జరుగప్పా ఓబులేసూ. అస్సీరియా యాడిదాకా వచ్చినాం?"

జ్వరం పడి లేచిన సారు గొంతు అంతకు మించి సాగలేదు. దగ్గు తెర. ఓబులేసు నవ్వాడు, కదల్లేదు.

నా చేతిలో కత్తెర ఎప్పుడు కింద పెట్టానో నాకే తెలీదు. పోయి ఓబులేసును ఆనుకుని కూర్చున్నాను. "నాకు మొదటి నుంచి చెప్పండి సార్. ఆ రాజు తాత పేరేంది?"

సారు నా వైపు వింతగా చూశాడు. అంతలో ఒక కండక్టరు వచ్చి పక్కన నిలబడ్డాడు, తర్వాత ఇద్దరు డ్రైవర్లు, తర్వాత అరటిపండ్ల హబీబుల్లా. "తాతకు తాత ఎవురు సార్?" అని అతనే అడిగాడు. అందరి మధ్యా ఇరుక్కున్న ఓబులేసు రెండు తరాలు ఓర్చుకున్నాడు. మూడో తరంలో తన గుంపును తీసుకుని పోయాడు.

గౌసియా పొయ్యి మళ్ళీ వెలిగించింది. హమ్మయ్య అని నేనూ లేచాను. సారు నా చొక్కా పట్టుకున్నాడు.

"యాడికి పోతాండావ్? ముప్పై ఏండ్లు పాఠం చెప్పినా, తొలిసారి నోరు తెరిచి అడిగినోడివి నువ్వే. కూచో!"

పొద్దు వాలుతోంది. బాబిలోను ఇంకా మొదలే కాలేదు. గౌసియా నవ్వు ఆపుకుంటూ నాకు ఇంకో టీ తెచ్చిచ్చింది.