జోరు మూడింతలు

మా బావకీ నాకూ ఒకే ఒక్క పోలిక. ఇద్దరికీ కోపం ముక్కు మీదే ఉండేది. తేడా అల్లా, నా చేతిలో బెత్తం ఉండేది, ఆయన చేతిలో కొడవలి ఉండేది. నేను ఏలూరులో హైస్కూలు సైన్సు మేస్టర్ని. ఆయన మా ఆవిడకి అన్నగారు, గుండుగొలనుకి దక్షిణాన, కొల్లేటి అంచున ఎనిమిదెకరాల పల్లపు భూమి చేసేవాడు. అక్కడ వాన ఎక్కువైతే పొలం చెరువైపోతుంది.

ఇది పందొమ్మిది వందల ముప్ఫైల నడిమి సంగతి. అంతకు ముందు రెండేళ్లు వరసగా ఆయన నాట్లు మునిగిపోయాయి. మూడో ఏడు నాట్లు పడ్డాక మా ఇంటికి వచ్చి, విస్తరి ముందు కూర్చుని, చెల్లెలు వడ్డిస్తూ ఉండగా నింపాదిగా అన్నాడు:

"ఈ ఏడు కూడా మునిగిందంటే ఎవణ్ణో ఒకణ్ణి నరికి జైలుకి పోతానే అమ్మా. అక్కడైనా ఇంత ముద్ద పెడతారు."

మా ఆవిడ చేతిలో గరిటె ఆగిపోయింది. ఆయన అన్నంత పనీ చేసే మనిషని ఆవిడకి తెలుసు. ఒకసారి బురదలో కూలబడిన ఎద్దుని కర్ర విరిగేదాకా బాది, తరవాత దాని మెడ పట్టుకుని ఏడ్చాడట. ఆ రోజు నుంచీ వాన చినుకు పడితే చాలు, ఆవిడ వీధి గుమ్మంలోకి వచ్చి తూర్పు వైపు చూసేది.

భాద్రపదంలో వానలు పట్టుకున్నాయి. బావ పొలాల మురుగంతా ఒక కోడులో పడి కొల్లేట్లో కలుస్తుంది. కోడంటే పది గజాల వెడల్పున్న పాత కాలవ. కొల్లేటి మధ్య లంకల్లో ఉండేవాళ్లు ఏటా ఆ రోజుల్లో కోడుకి అడ్డంగా వెదురు తడికలు కట్టి, మధ్యలో గజం సందు వదిలి, ఆ సందులో చేపల బుట్ట పెట్టేవారు. తడికలకి నాచూ తుక్కూ పట్టి అవి గోడలా బిగుసుకుపోయేవి. తడికల వల్లే చేలు మునుగుతున్నాయని బావ అంటాడు. అదేం కాదని లంకవాళ్లు అంటారు. రెండుసార్లు తోపులాటలు అయ్యాయి, ఒకసారి ఒకరి పన్ను ఊడింది. చివరికి ఇరుపక్షాలవాళ్లూ కలిసి, లెక్క తెలిసినవాడెవడో వచ్చి చెబితే వింటామన్నారు. లెక్క తెలిసినవాడు ఎవడయ్యా అంటే నేను. తగుదునమ్మా అని బయలుదేరాను.

ఆ ఆదివారం పొద్దున్న కోడు గట్టు మీద నలభై మంది ఉన్నారు. లంకల పెద్ద అరవై దాటిన మనిషి, నల్లగా, ఎముకలూ నరాలూ తప్ప ఒంట్లో మరేమీ లేనట్టుండేవాడు. నాకు దండం పెట్టి చెప్పాడు.

"మేస్టారండీ, మీరే చూడండి. తడికలు కట్టాక నీళ్ల జోరు పెరిగిందే గానీ తగ్గలేదండీ. ఆ సందులో దిగితే మడిసి కాలు నిలవదండీ. ఇంకెక్కడ మునుగుతాయండీ ఆరి చేలు?"

"జోరుగా పోతుంటే నా చేలో నీళ్లు ఎందుకు తియ్యట్లేదు బావా?" అన్నాడు మా బావ.

ఇద్దర్నీ చేత్తో ఆగమన్నాను. నాకు అప్పుడు కలిగిన గర్వం చెప్పనలవి కాదు. తడికలన్నీ విప్పించి, నీరు సర్దుకునేదాకా ఆగి, రెండు పుల్లలు గుచ్చి, వాటి మధ్య నిమ్మకాయ వదిలి, జేబు గడియారం చూసి లెక్కపెట్టాను. నిమ్మకాయ పెళ్లికూతురిలా వెళ్లింది. మళ్లీ తడికలు కట్టించి, బుట్ట తీయించి, మధ్యాహ్నం సందులో వదిలాను. ఈసారి రివ్వున పోయింది. మూడుసార్లు చూశాను, మూడుసార్లూ ఒకటే లెక్క.

తడికలు విప్పి ఉన్నంతసేపూ బావ తన చేలో ఒక వరి దుబ్బు పక్కన నీటి మట్టం చూస్తూ కూర్చుని ఉన్నాడు. పరుగెత్తుకొచ్చి, "విప్పాక రెండు వేళ్లు తగ్గింది బావా, వచ్చి చూడు," అని నా చెయ్యి పట్టుకు లాగాడు.

"లెక్క ఉండగా వేళ్లెందుకండీ బావగారూ," అన్నాను. వెళ్లి చూడలేదు.

గట్టు మీద నిలబడి తీర్పు చెప్పాను. "తడికలు కట్టాక నీళ్ల జోరు మూడింతలు పెరిగింది. తడికల వల్ల నష్టమేమీ లేదు."

లంకవాళ్లు ఈలలు వేశారు. ఒకడు మా బావ ముఖం మీదికి వచ్చి తొడ చరిచాడు. బావ వాడి గొంతు పట్టుకుంటే పది మంది కలిసి విడదీశారు. బావ నా వైపు ఒక్కసారి చూసి చేలోకి దిగి వెళ్లిపోయాడు. ఆయన తిట్టకుండా వెళ్లడం నేను అదే మొదటిసారి చూడడం.

నా తప్పు ఏమిటో ఇక్కడే చెప్పేస్తాను. ప్రవాహమంటే వేగం ఒక్కటే కాదు, వేగాన్ని అది దాటే వెడల్పుతోనూ లోతుతోనూ హెచ్చవేస్తే వచ్చేది అని నేను కాలేజీలో చదివాను, పరీక్ష రాశాను, క్లాసు తెచ్చుకున్నాను. కానీ అదంతా ఇంగ్లీషులో చదివాను, అది ఇంగ్లీషులోనే ఉండిపోయింది. కోడు గట్టున నా నోటికి వచ్చింది తెలుగు మాట. మనం బండి జోరుగా పోతోందంటే వేగం. వాన జోరుగా కురుస్తోందంటే ఎంత కురుస్తోందన్నది. రెంటికీ ఒకటే మాట. లంకల పెద్ద ఒక జోరు అడిగాడు, నేను ఇంకో జోరు కొలిచాను. మా ఇద్దరిలో ఎవరికీ అనుమానం రాలేదు.

వాన ఆగలేదు. బుధవారం పొద్దున్న ఆ వైపు నుంచి వచ్చిన మనిషి ఒకడు, వరి కొసలు మాత్రమే కనిపిస్తున్నాయని మా ఆవిడతో చెప్పి పోయాడు. ఆవిడ వంటింట్లోంచే మొదలుపెట్టింది.

"మా అన్నయ్య రెండు వేళ్లు తగ్గిందని చూపిస్తే మీరు చూడను కూడా చూడలేదటగా?"

"లెక్క నీకేం తెలుసు!" అని అరిచాను. కాలికి అడ్డమొచ్చిన చెంబుని తన్నాను. అది గోడకి కొట్టుకుని సొట్టపోయింది. కోపంలో నేను వస్తువుల్ని తన్నేవాణ్ణి, క్లాసులో పిల్లల్ని కొట్టేవాణ్ణి. దీన్ని క్రమశిక్షణ అని పిలుచుకునేవాణ్ణి.

ఆవిడ పొయ్యి వైపు తిరిగింది. అన్నం గిన్నె దించి, మూతని గుడ్డతో బిగించి పట్టి గంజి వార్చడానికి వంచింది. కోపంతో మరీ బిగించినట్టుంది, సన్నని సందులోంచి గంజి ఎగిరి చిమ్మి ఆవిడ ముంజేతి మీద పడింది.

"ఎగిరి చిమ్మడానికేం తక్కువ లేదు, వారేది మాత్రం ఇంతే," అని గంజిని తిట్టి, మూత రెండు వేళ్లు జరిపింది. చిమ్మడం ఆగిపోయింది. గంజి వెడల్పుగా, చప్పుడు లేకుండా దిగి, చూస్తూండగా గిన్నె వారిపోయింది.

నాకు ఆ మూత సందులో కోడు తడికల సందు కనిపించింది. ఆవిడ చెయ్యి బొబ్బలెక్కుతోంది, దానికి ఏమైనా రాయాలని కూడా తోచలేదు. ఆ రోజు స్కూలు సంగతి మరిచిపోయి, తొడుక్కున్న చొక్కాతోనే స్టేషనుకి పరుగెత్తాను.

భీమడోలు దాకా పాసింజరు పెట్టెలో నోటితో లెక్క వేసుకుంటూనే ఉన్నాను. పది గజాల కోడు ఒక గజమైంది. జోరు మూడింతలైంది. అంటే పది పాళ్లు పోవలసిన చోట మూడు పాళ్లే పోతున్నాయి. పైనుంచి వచ్చేది తగ్గలేదు, కనక ఏడు పాళ్లు చేలోనే నిలుస్తున్నాయి. వచ్చేదాంట్లోంచి పోయేది తీసేస్తే ఎంత మిగిలితే అంత మట్టం పెరుగుతుంది. ఇది చంటిపిల్లవాడికి కూడా తెలిసే లెక్క. అన్నీ ఉన్న విస్తరాకు అణిగిమణిగి ఉంటుందనీ, ఏమీ లేనిదే ఎగిరెగిరి పడుతుందనీ మనవాళ్లు ఎప్పుడో చెప్పారు. కిందటేడు సరిగ్గా ఈ తప్పే చేసిన ఒక కుర్రవాడి అరచేతులు వాచేదాకా కొట్టాను.

అక్కడితో ఆగినా బాగుండేది. ఆ లెక్క ఇంకో మెట్టు దిగింది. నీరు పెరిగేకొద్దీ సందులో జోరు ఇంకా పెరుగుతుంది. ఎక్కడో ఒకచోట వచ్చేదీ పోయేదీ సమానమై మట్టం నిలుస్తుంది. కానీ అలా నిలిచేది వరి తలకి చాలా పైన. ఆదివారం నాడు నీటికి పైన వరి జానెడు ఉంది. రోజుకి బెత్తెడు చొప్పున పెరిగితే మూడు రోజులు. ఆదివారానికి మూడు రోజులు కలిపితే బుధవారం. నేను రైల్లో కూర్చున్న రోజే అది. బావ ఎప్పుడు కొడవలి తీస్తాడో ఆ లెక్కే నాకు చెప్పేసింది.

స్టేషనులో దిగి గట్ల మీద పడుతూ లేస్తూ వెళ్లాను. మిట్టమధ్యాహ్నం. దూరం నుంచే కేకలు వినిపించాయి. మా బావా, ఆయన వెనక ఏడెనిమిది మందీ మొలలోతు నీళ్లలో తడికల దగ్గరికి వచ్చేశారు. లంకవాళ్లు తాటి దోనెల మీద గెడలు పట్టుకుని నిలబడ్డారు. లంకల పెద్ద ఒక్కడే నీళ్లలో దిగి, సందు పక్క గుంజని కుడిచేత్తో వాటేసుకుని ఉన్నాడు.

"మేస్టారు చెప్పారు గదండీ! జోరు పెరిగిందని చెప్పారు గదండీ!" అని మా బావని బతిమాలుతున్నాడు.

"తప్పు నాదండీ! సందు చిన్నది! పోయేది తక్కువ!" అని నేను గట్టు మీంచి అరిచాను. ఆ సందులో నీళ్ల హోరుకి నా గొంతు నాకే వినబడలేదు.

బావ కొడవలి ఎత్తాడు. గుంజకి కట్టిన తాటి నార తాడు కోస్తాడనుకున్నాను. కొడవలి మణికట్టు మీద పడింది. రెండోసారి కూడా పడింది. రెండోది పొరపాటు కాదు. ఆ పెద్దాయన చెయ్యి గుంజ నుంచి ఊడి వేళ్లాడింది. ఆయన దాన్ని ఎడమచేత్తో పట్టుకుని, ఎవరిదో చూస్తున్నట్టు చూశాడు.

ఆ తరవాత గెడలు లేచాయి. బావ నెత్తి పగిలింది. ఒకడు మునిగి తేలి మళ్లీ మునిగాడు. నేను నీళ్లలోకి దూకి, మా బావని కొడుతున్నవాడి జుట్టు పట్టుకుని ముఖం మీద గుద్దాను. వాడు పడ్డాక కూడా గుద్దాను. శాంతి చెప్పడానికి వెళ్లిన మనిషిని, నా పిడికిలికి వాడి ముక్కు విరిగింది. ఇది ఇన్నేళ్లలో ఎవరికీ చెప్పలేదు. అప్పుడు ఒక నిమిషం పాటు హాయిగా కూడా అనిపించింది.

ఆ పెనుగులాటలో తడికలు విరిగి కొట్టుకుపోయాయి. హోరు ఆగిపోయింది. నీరు ఎర్రగా, గట్టు నుంచి గట్టు దాకా నిండి, నిదానంగా కదిలింది. పొద్దు వాలేసరికి చేలో జానెడు పైగా తీసింది. వరి బురద పట్టి వాలిపోయి ఉంది. ఆ సరికే సగం కుళ్లింది.

బావకి తరవాత రెండేళ్ల శిక్ష పడింది. కోర్టులో నన్ను అడిగారు, రెండో దెబ్బ గురించి చూసింది చూసినట్టు చెప్పాను. మా ఆవిడ ఆ రెండేళ్లూ అవసరానికి మించి నాతో ఒక్క మాట మాట్లాడలేదు. కానీ నేను చెప్పదలుచుకున్నది అది కాదు. కోర్టుకి చాలా ముందే, కొట్లాట జరిగిన పదో రోజున, ఏలూరు ఆసుపత్రికి వెళ్లి లంకల పెద్దని చూశాను.

చెయ్యి మణికట్టు పై దాకా తీసేశారు. ఆయన మంచం మీద కూర్చుని ఉన్నాడు. నన్ను చూసి లేవబోయాడు. దండం పెట్టబోయి, రెండో చెయ్యి లేదని గుర్తొచ్చి ఊరుకున్నాడు. నేను తెచ్చిన బత్తాయిలు పక్కన పెట్టి, నిలబడే ఉండి, నా తప్పు చెప్పాను. గంజి సంగతి చెప్పాను. సందు సంగతీ, పది పాళ్ల సంగతీ చెప్పాను. ఆయన అడ్డురాకుండా విన్నాడు.

"అంటేనండీ," అన్నాడు, "ఎంత జోరున్నా, సందు సన్నదైతే పోయే నీళ్లు తక్కువేనన్నమాట."

"అంతేనండీ."

నాకు డిగ్రీ చదివినా అందనిది ఆయనకి ఒక్క మాటలో అందింది.

"ఈ ముక్క ఆదివారం నాడే చెప్పుంటే తడికలు నేనే విప్పేసేవాణ్ణి గదండీ. ఆరి చేలు ముంచి చేపలు తినాలని మాకేం లేదండీ. తెలీకే గదండీ మిమ్మల్ని పిలిచింది."

గొంతులో కోపం లేదు. తిడితే బాగుండునని నిలబడ్డాను, తిట్టలేదు. ఎడమచేత్తో ఒక బత్తాయి తీసుకుని, ఒళ్లో పెట్టుకుని, బొటనవేలితో తొక్క గిల్లడానికి రెండుసార్లు చూశాడు. పండు జారిపోయింది. దాన్ని నా వైపు చాచాడు.

"కాస్త ఒలిచి పెడతారా మేస్టారండీ," అన్నాడు.

కూర్చుని ఒలిచి పెట్టాను.