మేనత్త పిలవాల్సిన పేరు

అనుమానం నాకు పుట్టుకతోనే ఒచ్చింది. కూరగాయలు కొంటే త్రాసు దిక్కే చూస్త. ఇంట్ల ఎవరన్న మెల్లగ మాట్లాడితే చేతిల పని ఆపి చెవులు రిక్కిస్త. "నువ్వు పోలీసుల చేరాల్సినదానివి" అంటడు మా ఆయన. అననీ. గందుకే తమ్ముడు ఫోన్ చేసి "అక్కా, పాపకు పేరు అనుకున్నం, హన్నా" అనంగనే నాకు ఎక్కడ్నో కలుక్కుమన్నది.

"ఏందిరా గా పేరు? మన చుట్టాలల్ల ఎవలకన్న ఉన్నదా?"

"పంతులు హ అక్షరం ఒచ్చిందన్నడు గదక్కా."

"హారిక లేదా? హాసిని లేదా? హంస లేదా?"

"మంచి పేరక్కా" అని ఫోన్ పెట్టేసిండు. మా తమ్ముడు నా మాట మధ్యల ఫోన్ పెట్టేసుడు అదే మొదలు.

తొట్టెలకు ఇంక ఆరు రోజులుండె. మా నల్గొండ దిక్కు ఇరవై ఒకటో రోజు పిల్లను తొట్టెల ఏసి, మేనత్త ఒంగి చెవిల మూడుసార్లు పేరు పిలవాలె. అప్పటిదాంక పిల్లకు పేరుండది, పాప అంటరు, చిన్ని అంటరు, అంతే. నాకు ఇద్దరూ కొడుకులే. వాండ్లకంటె ముందు ఒక ఆడపిల్ల పుట్టింది గానీ రెండు రోజులే ఉన్నది. ఇరవై ఒకటో రోజే రాలే, ఇగ పేరెక్కడిది? ఆ ముచ్చట మా ఇంట్ల ఎవ్వరం ఎత్తం. తమ్మునికి బిడ్డ పుట్టిందని తెలిసిన రోజు మాత్రం నా పానం లేచొచ్చింది, ఒక ఆడపిల్లను నేను పేరు పెట్టి పిలుస్త అని. అసొంటిది, నాకు తెల్వని మాట తెచ్చి నా నోట్ల పెడ్తున్నరు.

చిన్నోణ్ని ఫోన్ల చూడమన్న. "హీబ్రూ భాషదట అమ్మా. దయ అని అర్థం. చానా దేశాలల్ల పెట్టుకుంటరట, ఎంత పాతదైనా పాతగ అనిపియ్యదట" అన్నడు.

"దయ అని పెట్టాల్నంటే దయ అనే పెట్టొచ్చు గద!"

వాడు నవ్వుకుంట పోయిండు. నేను అంట్లు తోముకుంట నాలుగైదుసార్లు అనుకున్న. హన్నా. అబద్ధమెందుకు, మెత్తగుంది. ఊపిరి ఇడిసినట్టు మొదలై నోట్లనే కరిగిపోతది. దాంతోని నాకు అనుమానం ఇంకింత పెరిగింది. గంత మంచి పేరైతే వీండ్లు ఎందుకు నసుగుతున్నరు?

తెల్లారి ఎల్బీనగర్‌ల ఆటో ఎక్కి బడంగ్‌పేట పోయిన. వాండ్లు అక్కడ కిరాయికుంటరు. మరదలి తల్లిదండ్రులు గుంటూరు దిక్కునుంచి ఒచ్చి దిల్‌సుఖ్‌నగర్‌ల స్థిరపడ్డోళ్లు. ఆమె మాట మెత్తగ, మర్యాదగ ఉంటది. మర్యాద ఎక్కువైతే నాకు పడది. లోపల్లోపల గుడి మానేసి ఇంకేదన్న పట్టుకున్నదా అని నా శంక. ఎవల దేవుడు వాండ్లకు, నేనేమన్న కాదంటనా? కానీ ఇంటి ఆడబిడ్డకు చెప్పకుండనా?

చాయ్ పెడ్తనని వంటింట్ల జొరబడ్డ. దేవుని అర చూసిన. పటాలన్నీ ఉన్నయి, పొద్దుటి పూలు ఇంక వాడలే. సొరుగులు గుంజిన. ఆఖరికి బియ్యం డబ్బా మూత గూడ తీసిన. ఎనకకు తిరిగితే మరదలు గుమ్మంల నిలబడి ఉన్నది.

"ఏం వెతుకుతున్నారు వదిన గారూ?"

"ఇలాచీలు."

"బియ్యంలోనా అండీ?"

ఇజ్జత్ పోయింది. అయినా నేను తగ్గలే. రెండో అనుమానం బయటికి తీసిన. తమ్ముడు చైతన్యపురిల కోచింగ్ తీసుకునేటప్పుడు ఒక హాస్టల్ పిల్లతోని తిరిగిండని విన్న. పాత పిల్ల పేరే బిడ్డకు పెడ్తున్నడేమో, ఈ పిచ్చిది ఊకొడ్తున్నదేమో! ఆ మాటే అడిగిన.

"ఆ అమ్మాయి సంగతి పెళ్లికి ముందే చెప్పారండీ. ఆమె పేరు వేరే" అని నవ్వింది. తర్వాత పాపను ఒళ్లోకి తీసుకుని "మీరు మీ తమ్ముణ్నే అడగండి, నేను చెప్పకూడదు" అన్నది. ఆమె కండ్లల్ల నీళ్లు చూసి నాకు భయమైంది. భయమైతే నాకు కోపమే ఒస్తది.

తొట్టెలకు ముందురోజు తమ్ముడు, నేను దిల్‌సుఖ్‌నగర్‌ల పాపకు గౌను, తొట్టెలకు కుచ్చులు కొన్నం. మెట్రో పిల్లర్ పక్కన చాయ్ తాగుతుంటే అడిగేసిన. "నా దగ్గర పప్పులుడకయ్‌రా. ఆ పేరు ఎవలిదో చెప్తవా, లేకపోతే మీ పేరు మీరే పిల్సుకుంటరా? నేనైతే రాను."

వాడు గిలాస కింద పెట్టిండు. నా మొఖం దిక్కు చూడలే.

"నీ బిడ్డది అక్కా."

నాకు ఒక్క ముక్క అర్థం కాలే.

"దవాఖానల నువ్వు సోయిల లేవు. బావ లారీ ఏసుకపోయి నాగపూర్‌ల ఉన్నడు. పాపను నా చేతులల్ల పెట్టిండ్రు. అక్కడ ఒక పెద్ద నర్సమ్మ, పేరు లేకుండ పంపొద్దు బిడ్డా, హన్నా అను, దయ అని అర్థం అన్నది. నాకేం తెల్సు అక్కా? డిగ్రీ గూడ అయిపోలే. మేనత్త లేదు, మేనమామనే ఉన్న. మనోళ్లు చేసినట్టే చెవిల మూడుసార్లు పిలిచి, అప్పుడు మట్టిల పెట్టిన."

చేతిలున్న సంచితోనే వాని భుజం మీద రెండు ఏసిన. చాయ్ తాగేటోళ్లంత చూస్తున్నరు. "ఇరవై ఏండ్లురా! నా బిడ్డకు పేరున్నదని ఇరవై ఏండ్లు నాకు చెప్పవా?" అని అక్కడే ఏడ్సిన. వాడూ ఏడ్సిండు. చెప్తే నేను తట్టుకోనని భయపడ్డడట. పెండ్లయినంక పెండ్లానికి చెప్తే, ఆడపిల్ల పుడితే ఇదే పెడదామని ఆమెనే అన్నదట.

ఆ రాత్రి నాకు ఇంకో భయం పట్టుకున్నది. పోయిన పిల్ల పేరు బతికున్న పిల్లకా? తెల్లారి పోంగనే మరదల్ని పక్కకు పిలిచి ఆ మాటే అడిగిన. కీడు కాదా అన్న.

"అంత మంచి పేరు ఒక్క రోజన్నా ఎవరూ పిలుచుకోలేదు వదిన గారూ. మా అమ్మాయిని రోజూ పిలుద్దాం" అన్నది.

ఈమె బియ్యం డబ్బాలనా నేను గుట్టు ఎతికింది! సిగ్గుతోని ఆమె చెయ్యి పట్టుకున్న.

చుట్టాలంత తొట్టెల చుట్టు చేరిండ్రు. పెద్దమ్మ ఒకామె "ఏం పేరే గది, నోరు తిరుగుతదా?" అన్నది. "తిరుగుతది, మెత్తగుంటది, నువ్వే చూస్తవు" అన్న. కొంగు సరిచేసుకుని ఒంగిన. పాప చెవి పాలవాసన ఒచ్చింది.

మూడుసార్లు పిలవాలె. నేను నాలుగుసార్లు పిలిచిన. ఎవ్వరూ గమనించలే. మరదలు మాత్రం తొట్టెల అవతల నిలబడి, నాలుగోసారి అయిందాంక ఆగి, అప్పుడు పాపను ఊపింది.