కార్డులో నాలుగో వాటా

దెయ్యాలంటే నాకు నమ్మకం లేదు. కంప్యూటర్ ఆగిపోతే దిష్టి తగిలిందనేవాళ్లను చూస్తే ఒళ్లు మండుతుంది. అందుకే ఇది చెప్పాలంటే నాకే సిగ్గుగా ఉంది.

గుణదలలో పెళ్లి మండపాలకు కంప్యూటర్‌లో డిజైన్లు వేసే ఆఫీసు మాది. సుజాత, కిషోర్, నేను. ముగ్గురికీ మూడు గ్రాఫిక్స్ కార్డులు కొందామని ఓనరు రత్తయ్యగారు అంటే, నేనే గొప్పకు పోయి ఒక్కటి చాలన్నాను. ఒకే పెద్ద కంప్యూటర్ లోపల మూడు వర్చువల్ మెషీన్లు, అంటే సాఫ్ట్‌వేర్‌తో చేసిన మూడు వేరు వేరు కంప్యూటర్లు పెట్టి, పిల్లలు గేములాడుకునే మామూలు కార్డునే వాటికి పంచాను. కార్డులో మెమరీ పన్నెండు జీబీ, మనిషికి నాలుగు. పని ఆగితే ఉద్యోగం మానేస్తానని కూడా అన్నాను. అనమని నన్నెవరూ అడగలేదు.

పెళ్లికూతురి తండ్రి డిజైన్లు చూడటానికి పదకొండింటికి వస్తానన్న రోజు, తొమ్మిదిన్నరకే మూడు స్క్రీన్లూ నత్తనడక మొదలెట్టాయి. చూస్తే కార్డు మీద నాలుగో మెషీన్ ఉంది. పేరు లేదు. తీసేశాను. మళ్లీ వచ్చింది. నెట్ వైరు పీకేశాను. అయినా వచ్చింది. మా ముగ్గురి వాటాల్లోంచి తలా కాస్త లాగుతోంది.

రత్తయ్యగారికి కంప్యూటర్ తెలియదు. ఒకప్పుడు ఊళ్లో కాలవ నీళ్లకు వంతులేసిన మనిషి. నా వెనక నిలబడి కాసేపు చూశారు.

"దొంగతనంగా తోడుకునేవాడికి ఓ తూము పెట్టించేస్తే, మిగతావాళ్ల గట్లు తెంపడయ్యా. దానికీ ఓ వాటా పడెయ్."

ఇంజనీరింగ్ చదివినవాణ్ణి, ఆ మాట వినడమా? విన్నాను. నాలుగు వాటాలు, మూడేసి జీబీ. లెక్క ప్రకారం పని ఇంకా నెమ్మదించాలి. అరగంటలో మూడు డిజైన్లూ పూర్తయ్యాయి.

పెళ్లికూతురి తండ్రి వచ్చి కూర్చున్నాక ఫోల్డర్ తెరిచాను. మూడు ఉండాల్సిన చోట నాలుగున్నాయి. సుజాత నాకేసి చూసింది. నేను కిషోర్‌కేసి చూశాను. కిషోర్ దేవుడి పటంకేసి చూశాడు.

నాలుగోది అరటి గెలలు, కొబ్బరాకులతో అల్లిన మండపం. మాలో ఎవరం వేసింది కాదు. ఆయన దాని దగ్గరే ఆగిపోయారు.

"మా అమ్మాయి అచ్చం ఇలాంటిదే కావాలందండీ. ఎవరేశారిది?"

"మా నాలుగో డిజైనరండీ," అన్నారు రత్తయ్యగారు తడుముకోకుండా. "కాస్త మొహమాటస్తుడు. బయటికి రాడు."

నా ఉద్యోగం నిలబడింది. ఆ ఫైలు ఎక్కణ్ణుంచి వచ్చిందో రికార్డులన్నీ తిరగేశాను, ఇప్పటికీ తెలియలేదు. ఆ వాటా తీసేసే ధైర్యం కూడా చేయలేదు.

ఇప్పుడు ఏ కొత్త ఆర్డరొచ్చినా రత్తయ్యగారు నా డిజైన్ చూపించమనరు. "ముందు ఆయనేం వేశారో చూడు," అంటారు.