సంపులో పరకలు

చిద్రిలో మేం కట్టుకున్న కొత్త ఇంటికి మా అత్తమ్మ మన్నళ్ళి నుంచి బిందె నిండా పరకలు తెచ్చింది. పరకలంటే వాగులో దొరికే వేలెడంత చేపలు. వాళ్ల ఊళ్లో కొత్త బావి తవ్వితే ముందు వాటిని వదులుతారు. అవి బతికితేనే ఆ నీళ్లు తాగుతారు. మాకు బావి లేదు, నేల కింద కట్టిన నీళ్ల సంపు ఉంది. ఆమెకు అదేమంత తేడాగా అనిపించలేదు. కొబ్బరికాయ కొట్టి, మూత తీసి, అడుగున మిగిలిన ట్యాంకరు నీళ్లలో వదిలేసింది.

మర్నాడు నల్లా వచ్చి సంపు నిండింది. పొద్దు గూకేసరికి పరకలన్నీ వెల్లకిలా తేలాయి.

"నేను ఊరికి పోత. చేపలు సచ్చిన నీళ్లు నేనెట్ల తాగుత, నా మన్మరాలికెట్ల తాపుత?" అంది అత్తమ్మ.

పురుగులు చావడానికి నల్లా నీళ్లలో మందు కలుపుతారని మా ఆయన వివరించాడు.

"పురుగుల మందు చేపల సంపింది. రేపు మనల సంపదా?"

ఆయన స్నానానికి వెళ్లాడు. అవే నీళ్లతో.

సోమవారం నుంచి నేను మళ్లీ ఉద్యోగానికి పోవాలి. పాప ఆమె ఒళ్లో తప్ప పడుకోదు. అసలు సంగతి, ఆమె లేని ఇంట్లో నాకే తోచదు. కానీ కోడలు అత్తను ఉండమని బతిమాలుకోవడం మా ఇళ్లల్లో లేదు. నేను మా ఆయన ముఖం చూశాను. ఆయన బండి తాళాలు అందుకున్నాడు.

అత్తమ్మ గుడికి వెళ్లిన పూట సంపు తోడేసి, పక్కింటివాళ్ల బోరు నీళ్లు పట్టించాం. మన్నళ్ళి దాకా పోవడానికి బద్ధకించి ఆయన దగ్గర్లోని ఏదో వాగులో తువ్వాలతో పరకలు పట్టుకొచ్చాడు. అడుగున కొన్ని బతికే ఉన్నాయని ఆమెకు చెప్పాం.

అత్తమ్మ వంగి చూసింది. "నా పరకలకు తోక కాడ ఒక్కటే సుక్క. వీటికి నడుమ మీద గూడ ఉన్నది."

ఎదిగి ఉంటాయన్నాడు మా ఆయన.

ఆమె ఆయనను పట్టించుకోలేదు, గోడ మీంచి ఇంకా వేలాడుతున్న పక్కింటివాళ్ల పైపును చూసి నా వైపు తిరిగింది. "సంపు తోడిండ్రు, వాగు దాంక పోయిండ్రు, పక్కింటోళ్లను బతిమాలిండ్రు. ఉండు అత్తమ్మా అని నాతోని ఒక్క మాట అననీకె నీకు నోరు రాలేదా బిడ్డా?"

నాకు ఏడుపొచ్చింది. "ఉండు అత్తమ్మా" అన్నాను.

"ఉంట. నల్లా నీళ్లు మాత్రం తాగ" అంది.