ఆర్విల్‌ను లేపే మనిషి

వెర్నా కోల్‌స్టాడ్ మా పక్కింటావిడ. ఉత్తర డకోటాలోని మా ఊళ్లో ఆవిడ గొంతు పెంచగా విన్నవాళ్లు లేరు. భర్త ఆర్విల్ గోధుమల గిడ్డంగి మీది నుంచి పడ్డాక అతనికి మెడ కింద ఏదీ కదలదు. రోజూ పొద్దున ఒక నర్సు వచ్చి అతన్ని లేపి, ఒళ్లు తుడిచి, కుర్చీలో కూర్చోబెట్టేది. ఆమె జీతం బీమా కంపెనీ ఇచ్చేది. ఆ సాయం ఉంటేనే ఆర్విల్ ఇంట్లో ఉండగలడు, లేకపోతే మంచాన పడ్డవాళ్లను చూసుకునే ఆశ్రమమే గతి.

తూర్పున ఎక్కడో ఉన్న ఆ కంపెనీ దివాలా తీసింది. అక్కడి రాష్ట్రం దాన్ని చేతిలోకి తీసుకుని, డబ్బు రావలసినవాళ్లందరినీ గడువులోగా అర్జీ పెట్టుకోమంది. మిగిలిన ఆస్తిలో పెద్దది చికాగో బ్యాంకులోని ఒక నిధి. అది మాదంటూ ఇంకో కంపెనీ కేంద్రం నడిపే ఫెడరల్ కోర్టుకెక్కింది. దివాలా తీసిన బీమా కంపెనీ వ్యవహారం మా కోర్టే తేల్చాలి, మీరు వినడానికి వీల్లేదని రాష్ట్రం వకీళ్లు అడ్డుపడ్డారు. నిధి ఎవరిదన్నది తర్వాత, కేసు ఎవరు వినాలన్నదే ఏళ్లు సాగింది. పట్టించుకోవలసినవాళ్లకు ఆర్విల్ వీపు మీది పుళ్లు కనిపించవు కదా.

జీతం ఆగిపోయి నర్సు మానేసింది. వెర్నాయే అతన్ని లేపుతూ నడుం పాడు చేసుకుంది.

ఒకరోజు నేను వాళ్ల వంటింట్లో ఉండగా రాష్ట్రం ఆఫీసు నుంచి ఒకమ్మాయి ఫోన్ చేసింది.

"మీ అర్జీ ఇంకా రాలేదండీ. ఫోన్లోనే రాసుకోమంటారా?"

"అయ్యో, మీకెందుకమ్మా శ్రమ? పెద్ద కోర్టులో నడుస్తోందిగా, తేలనివ్వండి."

"ఎంతసేపండీ, ఇప్పుడే రాసేస్తాను."

"వద్దులెండి, మీకు సవాలక్ష పనులుంటాయి."

మా దగ్గర కాఫీ ఇచ్చినా రెండుసార్లు వద్దని, మూడోసారికి గానీ కప్పు అందుకోరు. వెర్నా ఆ మూడో మాట కోసమే ఫోన్ చెవికి ఆనించుకుని నిలబడింది. అవతలి పిల్ల తూర్పుది. వద్దంటే వద్దే అనుకుని పెట్టేసింది.

"ఇంకోసారి అడిగితే దాని నోరేం అరిగిపోతుంది?" అన్నాను.

"పోనీలే డెల్ఫిన్, పాపం, వాళ్లకీ పనుంటుంది."

ఆ పిల్ల మీద ఒళ్లు మండింది. మా పెంపకం మీద ఇంకా మండింది.

చివరికి ఫెడరల్ జడ్జి ఇది రాష్ట్రం కోర్టు పనేనని చేతులు దులుపుకున్నాడు. వెర్నా వెంటనే రాష్ట్రం ఆఫీసుకు ఫోన్ చేసింది. అర్జీల గడువు ఎప్పుడో దాటిపోయిందట. ఇప్పుడు పెట్టినా అందరికీ ఇచ్చాకే చూస్తారట, అప్పటికి ఏమీ మిగలదట.

నేను వెంట రాగా ఆవిడ లోపలికి వెళ్లి ఆర్విల్‌కు ఉన్నదున్నట్టు చెప్పింది. అతను పైకప్పు కేసి చూస్తూనే అన్నాడు.

"ఆశ్రమానికి కబురు చెయ్యవే. నీ నడుం కూడా విరిగితే ఇద్దర్నీ ఎవరు మోస్తారు? అక్కడి కాఫీ నీ కాఫీ కన్నా నయమేలే."

వెర్నా మంచం అంచున కూలబడి బిగ్గరగా ఏడ్చింది. మొహం కూడా తిప్పుకోలేదు. నేను గుమ్మంలోనే నిలబడిపోయాను. ఆర్విల్ తల కొంచెం నా వైపు తిప్పాడు.

"డెల్ఫిన్, కాస్త దాని కళ్లు తుడవమ్మా" అన్నాడు.