తీసేసిన ముక్క

నా చిన్నప్పుడు పత్తికొండలో ఎండాకాలం వచ్చిందంటే ఊరి బయట టూరింగ్ టాకీసు డేరా లేచేది. అందులో సినిమా యంత్రం నడిపేది మా మేనమామ. రీలు తెగితే బ్లేడుతో గీకి, జిగురు పూసి, అతుకు తెలియకుండా అంటించేవాడు. మద్రాసు పోయి ఎడిటింగు నేర్చుకోవాలని ఆయనకు ఎంతో ఆశ. ఇంటి బరువు మీద పడి పోలేకపోయాడు.

ఒక ఏడు వానల్లేవు. అడుగంటిన బావుల నీళ్లు తాగి పిల్లలు జ్వరాన పడ్డారు. పక్కింటి అక్క కొడుకు, అప్పుడప్పుడే మాటలు నేర్చినవాడు, ఆ జ్వరంలోనే పోయాడు. అప్పటికి ఆమె మళ్లీ కడుపుతో ఉంది. ఆమె ఏడవడం నేను చూడలేదు. జొన్నలు విసిరేది, నీళ్లు మోసేది, పిలిస్తే పలికేది. అంతే.

అలాంటిది, సినిమాకు వస్తానని తనంతట తానే అడిగేసరికి మా అమ్మ సంతోషించింది. మనసు కాస్త మళ్లుతుందనుకుంది. కానీ ఆ సినిమాలో ఒక బిడ్డ తల్లి ఒడిలోనే ప్రాణం వదులుతాడు. ఊరంతా చూసి ఏడ్చిన ఘట్టం అది. అమ్మ ఈ సంగతి మామ చెవిన వేసింది. ఆయన ఆ సాయంత్రం ఆటకు ఆ ముక్క కత్తిరించి పక్కన పెట్టి, ముందూ వెనకా అతికేశాడు. తెర మీద బిడ్డకు జ్వరం వచ్చింది. మరుక్షణం తల్లి ఒంటరిగా బండెక్కి పోతోంది.

ఆట అయిపోయినా అక్క తాను కూర్చున్న నేల ఇసుకలోంచి లేవలేదు. మామ దగ్గరకొచ్చాడు.

“ఆ బిడ్డ సచ్చిపోయేది చూపియ్యలేదేమన్నా?” అని అడిగింది.

“నీకు కష్టమైతాదని తీసేసినానమ్మా.”

“ఇంట్లో ఏడిస్తే కడుపులో బిడ్డకు మంచిది కాదంటాది మా అత్త. ఆమె బయం ఆమెది. ఈడయితే చీకట్లో అందురూ ఏడుస్తాండారంట గదా. నేనూ ఏడ్చుకుందామని వచ్చినానన్నా.”

మామ తల వంచుకున్నాడు. రేపు మళ్లీ రమ్మని మాత్రం చెప్పాడు.

మరునాడు ఆ ముక్క మళ్లీ రీల్లోకి చేరింది. ఘట్టం వచ్చేసరికి ఆడవాళ్లంతా కొంగులు నోటికడ్డం పెట్టుకున్నారు. వాళ్ల మధ్య అక్క గొంతులోంచి ఒక మూలుగు లేచింది. అమ్మ ఆమెను ఒడిసి పట్టుకుంది. రీలు అక్కడితో అయిపోయింది. ఉన్నది ఒకటే యంత్రం కాబట్టి రీలు మార్చేటప్పుడు దీపాలు వేయడం రివాజు. మామ వేయలేదు. మగవాళ్లు ఈలలు వేశారు, డేరా యజమాని వచ్చి కేకలేశాడు. అక్క కొడుకును పేరు పెట్టి పిలుస్తూ ఏడుస్తూనే ఉంది. ఆ గొంతు అణిగాకే డేరాలో వెలుగొచ్చింది.

తర్వాత ఆమెకు కూతురు పుట్టింది. ఆమె మళ్లీ ఏడవగా నేనెప్పుడూ చూడలేదు.

పెద్దయ్యాక నేను మద్రాసులో సినిమాలకు, ఆ పైన హైదరాబాదులో టీవీకి ఎడిటరుగా పనిచేశాను. కొట్లాటలు, నవ్వులాటలు, వార్తలు, సీరియళ్లు, అన్నీ నా చేతి మీదుగా పోయినవే. మామ వాటిలో ఒక్కటీ చూడకుండానే కన్నుమూశాడు. ఒకసారి ఒక సీరియల్లో, కొడుకును పోగొట్టుకున్న తల్లి ముఖం తెర మీద మరీ ఎక్కువసేపు ఉందని, నిర్మాతలు తగ్గించమన్నారు. నేను ఒప్పుకోలేదు. ఆ పని పోయింది. ఇంట్లో ఏడ్చే వీలు లేక ఆ వేళకు టీవీ ముందు కూర్చునే మనిషి ఏ ఊళ్లోనో ఉంటుంది. ఆమె ఏడుపు తీరేదాకా ఆగడమే మామ దగ్గర నేను నేర్చిన విద్య.