ఏరు దాటని పెద్దకొడుకు

నేను కోడలిగా అడుగు పెట్టేనాటికి మా మామ శ్రీరామప్పకు యాభై దాటాయి గాని, ఆయన ఏరు మాత్రం దాటలేదు. ఏరంటే ఏదో గోదావరి అనుకునేరు. కర్ణాటక సరిహద్దులో మా వల్లూరుకు తూర్పున ఉండే ఉత్తర పినాకిని, అదే పెన్న. అందులో నీళ్లు పారడం చూసిన పిల్లలు ఊళ్లో లేరు. మేకలు దాటుతాయి, ట్రాక్టర్లు దాటుతాయి, పెళ్లి కార్లు హారన్ కొట్టుకుంటూ దాటుతాయి. మా మామ దాటడు. ఆ ఇంట్లో పెద్దకొడుకు ఏరు దాటకూడదు.

నా పేరు సుమ. పావగడ టౌన్లో పుట్టి పెరిగాను. నోరు కాస్త పెద్దదని మా ఆయన సునీల్‌కుమార్ అంటాడు. అది నిజమే కాబట్టి నేనేమీ అనను. వచ్చిన కొత్తలో ఈ నియమం ఎవరు పెట్టారని అడిగితే ఇంటిల్లిపాదీ ఒకటే జవాబు చెప్పారు. "హెళవ కథలో ఉండాది."

హెళవలు రైతుల వంశాలను నోటికి చెప్పేవాళ్లు. ఒకప్పుడు ఎద్దు మీద వచ్చేవాళ్లట. మా ఇంటికి వచ్చే దాసన్న మోపెడ్ మీద వస్తాడు, ఎద్దు గంట మాత్రం హ్యాండిల్‌కు వేలాడుతుంటుంది. మూడేళ్లకోసారి, పంటలు ఇంటికొచ్చే సుగ్గి కాలంలో వస్తాడు. నడవలో దీపం పెట్టి, ఇంటి పెద్దకొడుకును ఎదురుగా కూర్చోబెట్టి, వాళ్ల పూర్వీకులు ఈ సీమకు ఎలా వచ్చారో రాగం తీస్తూ చెబుతాడు.

ఆ ప్రయాణం వినడానికి భలే ఉంటుంది. పెనుకొండ వైపు కరువు తట్టుకోలేక అన్నదమ్ములిద్దరు ఎద్దుల బండ్లు కట్టారు. దారంతా ముళ్ల అడవి. పగలు పాళెగాళ్ల మనుషులు సుంకం అడిగేవాళ్లు, రాత్రి చిరుతలు దూడల్ని ఎత్తుకుపోయేవి. ఏటి ఒడ్డున వాళ్ల చెల్లెలిని ఇచ్చిన ఊరుంది. ఆమె అత్తగారింట్లో ఆగి, ఎద్దులకు నీళ్లు పెట్టి, మోకాలి లోతు నీళ్లలో బండ్లు దాటించారు. ఇవతలి ఒడ్డున నడుమెత్తు గడ్డి, జింకల గుంపులు, తవ్విన చోటల్లా ఎర్రమన్ను. మనిషి కాలు పడిన జాడే లేదు. చక్రాల కింద రాళ్లు పెట్టి వెనక్కి తిరిగి చూస్తే ఏరు పొంగింది. ఒక లేగదూడ అవతలే ఉండిపోయి అరుస్తోంది. దానికోసం పెద్దవాడు నీళ్లలోకి దిగబోతే అవతలి ఒడ్డు నుంచి చెల్లెలు కేక వేసింది. "అన్నా! నువ్వు పెద్దోడివి. ఏరు దాటొద్దు. నా మీద ఆన!"

సరిగ్గా ఇక్కడికి రాగానే వంటింట్లోంచి చేట వస్తుంది. అందులో ఆ ఏడు పొలంలో పండిన కొర్రలో, రాగులో ఉంటాయి. చేట కింద పెట్టగానే హెళవ నోరు ఆపాలి, అది వాళ్ల పద్ధతి. ఆ పైన కథలో ఒక చావు ఉందట. దీపం ముందు పెద్దకొడుకు కూర్చుని ఉండగా చావు మాట చెవిన పడకూడదని అక్కడే ఆపేయడం ఆ ఇంటి ఆచారం. తరాలుగా ఆ నడవలో ఆఖరున వినబడింది చెల్లెలి ఆన ఒక్కటే. వినీ వినీ అది వంశానికే ఆజ్ఞ అయి కూర్చుంది.

ఆ ఆజ్ఞ మామ దగ్గర్నుంచి ఏమేం లాక్కుందో మా అత్త గంగక్క పొయ్యి దగ్గర కూర్చుని చెప్పేది. చదువు ఆగిపోయాక ఆయనకు ప్రైవేటు బస్సులో కండక్టర్ పని దొరికిందట. విజిల్ కొనుక్కొచ్చి చేలో పిట్టలన్నీ లేచిపోయేలా ఊదాడట. పావగడ నుంచి పెనుకొండ రూటు. బస్సు ఏరు దాటుతుంది గదరా అని వాళ్ల నాయన గుర్తు చేశాడు. మర్నాడు మామ మామూలుగా వేరుశనగ చేలో కలుపు తీస్తున్నాడు.

తర్వాత చెల్లెలు పుట్టమ్మ పెళ్లి. ఆమెను ఇచ్చింది కథలో కేక వేసిన ఆ ఆడబిడ్డ వంశానికే. పాత మేనరికం, ఏటి అవతల, ఆంధ్రా వైపు. పెళ్లి మగపిల్లవాడి ఇంట్లో. మామ గట్టు దాకా పోయి, చెల్లెలిని బండి దించి, అక్కడే నిలబడిపోయాడు. పెళ్లిలో అన్న చేయాల్సినవన్నీ దాయాది ఒకడు చేశాడు. పుట్టమ్మకు కొడుకు పుడితే మామ పోలేదు. ఆమె మొగుడు చచ్చిపోతే పోలేదు. మొదట్లో ఆమే వచ్చిపోతుండేది, తర్వాత మానేసింది. తల్లి చనిపోయినప్పుడు వచ్చింది గాని అన్నతో ఒక్క మాటా మాట్లాడకుండా తిరిగిపోయింది. ఏడుపులో మాట రాలేదేమో అనుకున్నాడీయన.

ఇంతలో సోలార్ పార్క్ వచ్చింది. మా చేనంతా లీజుకు పోయింది. మామ సెక్యూరిటీ గార్డు అయ్యాడు, అదీ తన చేనుకే. నీలం చొక్కా, చేతిలో కర్ర, కంచె లోపల కనుచూపు మేర ప్యానెళ్లు. ఎండాకాలం వాటి మధ్య తిరిగి ఇంటికొస్తే ముఖం కమిలిపోయి ఉండేది. "మన బాయి యాడ ఉండెనో గుర్తు చిక్కల్యా సుమా" అనేవాడు. పడమట కంచె, తూర్పున ఏరు. ఆ నడుమనే ఆయన అటూ ఇటూ తిరుగుతుండేవాడు. చూస్తే నాకు జాలి వేసేది, కాసేపటికి కోపం వచ్చేది.

ఈ సుగ్గిలో పుట్టమ్మ కొడుకు భరత్‌కుమార్ ఫోన్ చేశాడు. "అమ్మకు గుండె బాగల్యాదక్కా. ఆస్పత్రోల్లు ఇంటికి పిల్చుకపొమ్మన్యారు. ఇంగ ఎక్కువ దినాలు ఉండదంట. మామను ఒకసారి చూడల్లంటాది."

నేను ఫోన్ పెట్టేసి నేరుగా మామ దగ్గరికి పోయాను. సంగతంతా చెప్పి, "పోదాం పా మామా, స్కూటీ తీస్తా" అన్నాను.

ఆయన తువ్వాలు భుజం మీదికి, భుజం మీంచి ఒళ్లోకి మార్చుకుంటూ కూర్చున్నాడు. "ఎట్ల పోయేదిమా? ఆన పెట్టిండేది ఆడబిడ్డ. దాటితే ఇల్లు నిలవదు."

"ఇప్పుడు పిలుస్తాండేదీ మనింటి ఆడబిడ్డే గదా? ఏట్లో నీళ్లన్నా ఉంటే మునుగుతావనుకోవచ్చు. ఇసకలో యాడ మునుగుతావు?"

"నీకు తెలీదులే" అని కర్ర తీసుకుని డ్యూటీకి వెళ్లిపోయాడు. ఆయన భోజనం డబ్బా మరిచిపోయాడు. నేనూ గుర్తు చేయలేదు. అంత మంట మీద ఉన్నాను.

ఆ వారంలోనే దాసన్న వచ్చాడు. మోపెడ్ ఆపుతూనే, "పుట్టమ్మక్కను చూసే వస్తాండా. బాగా చిక్కిపోయింది" అన్నాడు. మామ కాళ్లు కడుక్కుని వచ్చి దీపం ముందు కూర్చున్నాడు. దాసన్న గంట కొట్టి మొదలుపెట్టాడు.

చేట తేవడం మా అత్త పని. అత్త పోయి రెండేళ్లయింది, కాబట్టి ఈసారి నా పని. కథ బండ్ల దాకా వచ్చాక వంటింట్లోకి వెళ్లి చూస్తే కొర్రలు లేవు, రాగులు లేవు. మా పొలంలో ఇప్పుడు పండేది కరెంటు. చేటలో కరెంటు పొయ్యలేం గదా. అంగడి నుంచి తెచ్చిన బియ్యం మూట ఒకటుంది. దాని మూతికి దారం కుట్టి ఉంది. ఆ దారం ఒక కొసన లాగితే సర్రున ఊడొస్తుంది, రెండో కొసన లాగితే బిగుసుకుంటుంది. నేను బిగుసుకునేదే లాగాను.

నడవలో ఏరు పొంగింది. దూడ అరిచింది. చెల్లెలు కేక వేసింది.

"సుమా! చేట!" అన్నాడు మామ.

"వస్తాండా మామా!" అంటూ కత్తి కోసం వెతుకుతున్నాను. ఎప్పుడూ ఉండే చోట అది లేదు. దొరికితే సంచి కొయ్యడం క్షణం పని. చేట రాకుండా హెళవ మధ్యలో ఆగకూడదు. ఆగితే ఇంటికి అరిష్టం. దాసన్న ఒకసారి వంటింటి వైపు చూసి, గొంతు సవరించుకుని, ముందుకే పోయాడు.

"పెద్దోడు నిల్చిపోయినాడు. తమ్ముడు వినల్యా. దూడ కోసరం దిగినాడు. ఏరు తమ్ముణ్ణి తీసకపోయింది."

నేను సంచి వదిలేసి గుమ్మం దగ్గరికి వచ్చాను. మామ రెండు చేతులూ చెవుల మీద పెట్టుకుని ఉన్నాడు.

"నీళ్లు తగ్గినాయి. ఇసక తేలింది. తమ్ముడి పీనుగు అవతలి ఒడ్డునే చిక్కింది. చెల్లెలు మల్లా కేక ఏసింది. 'అన్నా, ఏరు తగ్గింది, ఇంగ రా. నువ్వొచ్చేదాకా వీణ్ణి మట్టి చేయను.' పెద్దోడు ఏరు దాటినాడు. తమ్ముణ్ణి మట్టి చేసినాడు. చెల్లెల్ని పట్టుకోని ఏడ్సినాడు. సుగ్గి సుగ్గికీ వస్తానని మాటిచ్చినాడు. కాళ్లు ఆడినన్నాళ్లూ వచ్చినాడు."

మామ చేతులు ఎప్పుడు కిందికి జారాయో నేను చూడలేదు. నోరు కొద్దిగా తెరుచుకుని, దాసన్నను ఎన్నడూ చూడనట్టు చూస్తున్నాడు. చేట లేదు, బియ్యం లేవు, నేను ఉత్త చేతుల్తో నిలబడి ఉన్నాను.

"ఇది నువ్వు కల్పించి చెప్తాండావు గదా?" అన్నాడు మామ.

"దీపం ముందర కల్పించి చెప్తానా సామీ? మా నాయన నేర్పిచ్చిందే."

"మల్ల ఇన్నేండ్లూ ఎందుకు చెప్పల్యాదప్పా?"

"చేట వస్తే మేం నోరు మూసుకోవల్ల. మీ ఇంట్లో చేట ఆడికే వస్తాది" అన్నాడు దాసన్న. ఆయన గొంతులో తప్పు చేసిన బెరుకు లేదు. ఎందుకుంటుంది? ఆయన పని ఆయన చేశాడు.

చావు మాట వినకూడదని ఒక ఇల్లు తరతరాలుగా చెవులు మూసుకుంది. ఆ చెవుల మధ్య బస్సు పోయింది, చెల్లెలు పోయింది, ఒక మనిషి జీవితమే పోయింది. ఎవరి మీద అరవాలో తెలియక లోపలికి వెళ్లి ఆ బియ్యం మూటను కాలితో తన్నాను. కాలు నొప్పి పుట్టిందే గాని మూట కదల్లేదు.

ఇంకేముంది, పరుగున బయలుదేరుతాడనుకున్నాను. దాసన్న వెళ్లిపోయినా మామ లేవలేదు. "ఇంగ నేనెట్ల పోయేది సుమా?" అన్నాడు. "ఇన్నాళ్లూ ఆన ఉండాదని చెప్పుకుంటి. ఇప్పుడు అదీ ల్యాకపాయ. అప్పుడెందుకు రాలేదని అడిగితే ఏం చెప్పల్ల?"

"ఏమీ చెప్పాకు. పోయి కూచో" అన్నాను. అంతకంటే మంచి మాట నాకు తోచలేదు.

పొద్దున లేచి చూస్తే మామ స్కూటీ పక్కన నిలబడి ఉన్నాడు, సెక్యూరిటీ చొక్కా తొడుక్కుని. ఉన్నవాటిలో ఉతికింది అదొక్కటేనట. ఏటి దగ్గర ఆపమన్నాడు. చెప్పులు చేత్తో పట్టుకుని ఇసుకలోకి దిగాడు. నేను బండి మెల్లగా నడుపుతూ వెనకే పోయాను. నడి ఏట్లో తుమ్మ చెట్లు మొలిచి ఉన్నాయి. ఎవరో పిల్లలు క్రికెట్ ఆడి వదిలేసిన మూడు కర్రలున్నాయి. అవతలి గట్టెక్కి వెనక్కి చూసి, "ఇంతేనా!" అన్నాడు. ఆ తర్వాత చాలాసేపు గట్టు మీదే కూలబడి ఏడ్చాడు. ఏడవనిచ్చాను.

పుట్టమ్మ మంచంలో వెనక్కి ఆనుకుని ఉంది. అన్నను చూసి, "వచ్చినావా" అంది, అంతే. భరత్‌కుమార్ కుర్చీ తెస్తే మామ అందులో కూర్చోకుండా మంచం అంచున కూర్చుని ఆమె చెయ్యి పట్టుకున్నాడు. ఏమీ చెప్పొద్దన్నానా, అంతా చెప్పాడు. దాసన్న సంగతి, చేట సంగతి, నేను విప్పలేకపోయిన మూట సంగతి కూడా. "నాకు తెలీదు పుట్టా. మనింట్లో కథ ఆన కాడికే ఆపేస్తారు. ఆ పైన ఉండాదని నిన్ననే విన్యా."

పుట్టమ్మ దిండు మీద తల సర్దుకుంది. ఊపిరి తీసుకోవడమే ఆమెకు పనిగా ఉంది.

"ఈడ మొత్తం చెప్తారు" అంది చివరికి. "పెండ్లయిన కొత్తలోనే విన్యా. సుగ్గి సుగ్గికీ వచ్చినాడని విని, మా అన్న కూడా వస్తాడులే అనుకున్యా. మీకూ చెప్పింటారు గదా అనుకున్యా. అంతా తెల్సీ నువ్వు రాల్యాదనుకున్యా, అన్నా."

మామ తల వంచుకున్నాడు. ఇంతకంటే బాధ ఇంకేముంటుంది, ఇక్కడితో అయిపోయిందనుకున్నాను నేను. అవలేదు.

"ఒకటి అడుగుతా" అంది పుట్టమ్మ. "ఏరు పొంగింది. అవతల ఒడ్డున ఒక ఆడపిల్ల నిలబడి అరుస్తాంది. ప్రతిసారీ ఆడికే ఆపేస్తిరే. ఆ పిల్ల ఏమైపాయనో అని నీకు ఒక్కసారన్నా అనిపించల్యా?"

భరత్‌కుమార్ బయటికి వెళ్లిపోయాడు. నేను వెళ్లలేకపోయాను.

"దాటొద్దనిండే మాటే విన్యా పుట్టా" అన్నాడు మామ. "అనిండే మనిషి గురించి అడగల్యా."

పుట్టమ్మ ముఖం గోడ వైపు తిప్పుకుంది. చెయ్యి మాత్రం ఆయన చేతిలోనే ఉంచింది.